తెల్ల సాసేజీల కోసం కోసిన సినిమా

ఎవరి గురించీ? బుర్గి గురించా? మా ఎడిటరు వాల్‌బుర్గా ష్టోర్ మీద నువ్వు యూనివర్సిటీలో పరిశోధన చేస్తున్నావా? చెయ్యి తల్లీ, చెయ్యి. ఎవరో ఒకళ్లు చెయ్యాలి. బతికున్నన్నాళ్లూ తెర మీద ఆవిడ పేరు పడే టైముకి జనం ఇంకా చీకట్లో సీట్లు తడుముకుంటూ ఉండేవాళ్లు. ఇటు జరిగి కూర్చో, అక్కడైతే చెస్ట్‌నట్ కాయలు నెత్తిన పడతాయి, పోయిన వారం నా బీరు గ్లాసులోనే పడింది ఒకటి. ఆ. ముందే చెబుతున్నా, నేను ఎవరి గురించి మొదలెట్టినా తిరిగి తిరిగి నా దగ్గరికే వస్తాను. డైరెక్టరుగా బతికినవాడికి ఉండే జబ్బే అది, మందు లేదు. మా ఆవిడ అయితే నన్ను పరామర్శలకి పంపేది కాదు, పోయినవాడి గురించి ఒక మాటా నీ గురించి పది మాటలూ చెప్పొస్తావు, నువ్వింట్లోనే ఉండు అనేది. కాబట్టి నేను మరీ ఊదరగొడుతుంటే మొహమాటపడకు. క్విరిన్ తాతా, బుర్గి సంగతి చెప్పు అను, చాలు.

బుర్గి పదిహేనేళ్లకే ఇక్కడ మ్యూనిక్ శివార్లలో స్టూడియోలో పనికి చేరింది. ఫిల్ము అతికించే పిల్లన్నమాట. అప్పట్లో ఆ గదుల్లో అందరూ ఆడవాళ్లే. మగాళ్లు బయట నిలబడి అరిచేవాళ్లు, వీళ్లేమో లోపల తెల్ల నూలు గ్లవుసులు వేసుకుని, జిగురు వాసన పీలుస్తూ, ఆ అరిచిందాన్నంతా ముక్కలు కోసి, కొక్కేలకి వేలాడేసి, మళ్లీ అతికేవాళ్లు. కుట్టుపని తెలిసిన ఆడదానికి ఇదేం బ్రహ్మవిద్య అనేవాళ్లట స్టూడియో పెద్దలు. యుద్ధం రోజుల్లో వార్తల రీళ్లు అతికింది. దాని గురించి అడిగితే మాత్రం సూదులు గబగబా కదిలేవి గానీ నోరు కదిలేది కాదు. చేతిలో ఎప్పుడూ ఏదో ఒక అల్లిక ఉండేదిలే. యుద్ధం అయ్యాక అన్నీ కొండల సినిమాలు. కొండ మీద ఓ డాక్టరు, ఆ డాక్టర్ని ప్రేమించే సత్రం వాళ్ల అమ్మాయి, మధ్యలో పరిగెత్తే దుప్పి ఒకటి. ఆ దుప్పిని ఎప్పుడో ఒక్కసారి తీశారట. ఏ డైరెక్టరొచ్చి, 'ఫ్రావ్ ష్టోర్ గారూ, ఇక్కడ కాస్త ప్రకృతి కావాలండీ' అన్నా ఈవిడ ఆ ముక్కే అతికించేది. ఒక సినిమాలో ఎడమ నుంచి కుడికి, ఇంకోదాంట్లో తిరగేసి కుడి నుంచి ఎడమకి. ప్రతివాడూ మా దుప్పి ఎంత సహజంగా చేసిందో అని మురిసిపోయేవాడు. 'ఈ దేశంలో దానంత తీరిక లేని నటి లేదు, పాపం దానికి పెన్షనే రాలేదు' అనేది బుర్గి.

ఏమన్నావ్? అణకువ గల మనిషా? అబ్బే, ఎవరు చెప్పారు నీకు? ఆవిడకి ఉన్నంత పొగరు నేను ఏ హీరోలోనూ చూళ్లేదు. ఫలానా నటి గొప్పదనమంతా నా కత్తెర్లోనే ఉంది అని ఆ నటి ముందే అన్న మనిషి. పైగా పప్పులో కాలెయ్యడంలో కూడా తక్కువ తినలేదు. ఒకసారి ఒక హత్యల సినిమాలో హంతకుడి వేషం వేసినవాడు ఆవిడకి తెగ నచ్చాడు. పాపం ఇంత అందగాడు ఇలా ఏడవకూడదని, వాడు నేరం ఒప్పుకునే ముక్క తీసి పారేసింది. సినిమా విడుదలయ్యాక జనం టిక్కెట్ల కిటికీ దగ్గరికొచ్చి, బాబూ, ఇంతకీ చంపిందెవరు అని అడిగారట. నిర్మాత లబోదిబోమన్నాడు. 'వాడి మొహం చూస్తే తెలీట్లేదా' అందట ఈవిడ.

సరే, ఇక నా దగ్గరికి వద్దాం. చూశావా, వచ్చేశాను. పంతొమ్మిది వందల డెబ్బయ్యో సంవత్సరం. నాకు ఇరవయ్యేడు. భుజాల దాకా జుట్టు, ఎండాకాలంలో కూడా గొంతు దాకా నల్ల స్వెట్టరు, నోట్లో పైపు. పొగాకు నాకు పడేది కాదు, దగ్గొచ్చేది, అందుకని వెలిగించేవాణ్ణి కాదు. ఆ వెలిగించని పైపు పెట్టుకుని ష్వాబింగ్ పేట కాఫీ హోటళ్లలో కూర్చుని, అప్పటిదాకా ఈ దేశంలో సినిమా తీసిన ప్రతివాడూ ద్రోహేనని తీర్పులు చెప్పేవాణ్ణి. మా జట్టులో తలా ఒక సిద్ధాంతం ఉండేది. నా సిద్ధాంతం ఏంటంటే, కోత అంటే అబద్ధం. కెమెరా తిరగడం మొదలెట్టాక జీవితాన్ని కత్తిరించే హక్కు ఎవడికీ లేదు. జుట్టు కత్తిరించే హక్కు కూడా లేదనుకునేవాణ్ణిలే. అయితే ఆ కెమెరాలో రీలు పది నిమిషాలకే అయిపోయేది. మరి అక్కడ కోత పడుతుంది కదరా అని ఎవడైనా అంటే, 'అది అతుకు. కోత కాదు' అనేవాణ్ణి. నేను పట్టిన కుందేలుకి మూడే కాళ్లు. ఇంతటి మేధావిని నమ్మి ఒక టీవీ వాళ్లు ముందుకొచ్చారు, కాకపోతే ఒక షరతు పెట్టారు. జట్టులో పని నేర్చి పరీక్ష పాసైన ఎడిటరు ఒకరు ఉండి తీరాలన్నారు. మన సంగతి తెలుసుగా, ఇక్కడ రొట్టె కాల్చాలన్నా సర్టిఫికెట్టే, పొగగొట్టం తుడవాలన్నా సర్టిఫికెట్టే. అలా కోతల్లేని సినిమాకి ఎడిటరుగా, కొండల సినిమాలు మూలబడి ఖాళీగా ఉన్న బుర్గి వచ్చి పడింది.

మొదటి రోజు తలుపు తోసుకుని వచ్చి, నన్ను కింద నుంచి పైకి చూసి, 'డైరెక్టరు గారూ, నేనేం చెయ్యాలండీ?' అంది. ఏమీ చెయ్యకూడదన్నా. 'ఎన్నాళ్లు?' అంది. సినిమా అయ్యేదాకా అన్నా. 'మంచిదండీ, అయితే మేజోళ్లు అల్లుకుంటా' అని గ్లవుసులు విప్పి కూర్చుంది. షూటింగు ముగిసేసరికి మా కెమెరామన్ దగ్గర్నుంచి లైట్ల వాళ్ల దాకా అందరి కాళ్లకీ ఊదారంగు మేజోళ్లే. నాకు మాత్రం అల్లలేదు. నేనడిగితే, 'మీకెందుకండీ, మేజోడుకి చివర్న ముడేసి దారం కోసెయ్యాలి. మీకు కోత పడదు కదా' అంది.

సినిమా ఏంటంటావా? మా నాన్న. ఎమ్మెరామ్ ఐబ్ల్, ట్రాం డ్రైవరు. అప్పుడు ఒలింపిక్స్ వస్తున్నాయని ఊరంతా తవ్వి పోస్తున్నారు, నేల కింద రైలు వేస్తున్నారు. మా నాన్న నడిపే లైను ఎత్తేస్తున్నారు. ఆయన పక్కన కెమెరా పెట్టి డిపో నుంచి లైను చివరిదాకా, మళ్లీ వెనక్కి, అంతా తీశాను. మూడు గంటలు. మాటల్లేవు. డ్రైవరుతో మాట్లాడరాదు అని ట్రాంలో బోర్డు ఉండేది చూడు, మా నాన్న ఆ బోర్డు మెడలో వేసుకుని బతికినట్టు బతికాడు. అసలు మాకు మాటలు లేక అప్పటికి పదేళ్లు. డిపో వర్కుషాపులో నాకు పని కుదిర్చి, కొత్త చొక్కా కుట్టించి, తీసుకెళ్లి ఫోర్‌మాన్‌కి అప్పగించాడు. నేను నాలుగు నెలలు చేసి సినిమాల్లోకి పారిపోయాను. ఆ తర్వాత ఆయన నాతో అన్న మాటలు వేళ్ల మీద లెక్కపెట్టొచ్చు. తలుపు వెయ్యి. ఉప్పు ఇటివ్వు. అంతే. సినిమాకి కూడా డిపో ఆఫీసరు చెప్పాడని ఒప్పుకున్నాడు గానీ నా మొహం చూసి కాదు. తీసినన్ని రోజులూ ఆయన కాళ్ల దగ్గర తీగలు పట్టుకుని కూర్చున్నాను, నా వైపు చూస్తాడేమోనని. చూళ్లేదు. నీతో చెప్పడానికేంటి, ఇప్పుడు సిగ్గేంటి, ఆ సిద్ధాంతాలూ పైపూ అన్నీ తీసి అవతల పెడితే నాకు కావాల్సిందల్లా ఆ మనిషి నోట ఒక్క మాట. బాగుందిరా అని. అందుకే మొదటి ఆట పేపరు వాళ్లకి కాకుండా డిపో వాళ్లకి వేశాను. మా గీసింగ్ పేటలో చిన్న హాలు, ఆదివారం పొద్దున పదింటికి. డ్రైవర్లూ కండక్టర్లూ, వాళ్ల ఆడవాళ్లూ, మధ్యలో మా నాన్న.

ఈ మాట బుర్గికి చెప్పగానే సూదులు ఆగిపోయాయి. 'ఆదివారం పదింటికా? సినిమా మూడు గంటలా? మరి తెల్ల సాసేజీల సంగతేంటండీ?' అంది. నువ్వు ఉత్తర జర్మనీ పిల్లవి, నీకు ఇది నవ్వులాటగా ఉంటుంది. ఇక్కడ తెల్ల సాసేజీ చెవిన పన్నెండు కొట్టే చర్చి గంట పడకూడదు అంటారు. దూడ మాంసంతో పొద్దున చేసింది పొద్దునే తినెయ్యాలి. డిపో వాళ్లు ఆదివారం పొద్దున పదకొండున్నరకల్లా సత్రంలో కూర్చుని, తీపి ఆవాల ముద్దా ప్రెట్జెల్ రొట్టెలూ ముందు పెట్టుకుని ఉంటారు. తాతల నాటి నుంచీ అంతే. నేను ఒక నవ్వు నవ్వాను, ఆ నవ్వు తలుచుకుంటే ఇప్పటికీ నన్ను నేను కొట్టుకోవాలనిపిస్తుంది. 'ఫ్రావ్ ష్టోర్, మనం మాట్లాడేది కళ గురించి' అన్నా. 'నేను మాట్లాడేది మీ నాన్నగారి గురించండీ. పదకొండుంబావుకి ఒకడు లేస్తాడు. వాడి వెనక డిపో అంతా లేస్తుంది. అవతల తన మొహం తెర మీద, ఇవతల తనవాళ్లందరూ గుమ్మంలో. ఆయన లేవాలా కూర్చోవాలా?' అంది. నేను అరగంట ఉపన్యాసం ఇచ్చాను. నిజమైన ప్రేక్షకుడికి ఆకలుండదు అని కూడా అన్నట్టున్నా. అంతా విని, 'సరేనండీ డైరెక్టరు గారూ' అంది. ఆవిడ అంత తేలిగ్గా సరేనంటే ఇంట్లో ఏదో తగలబడుతోందని అర్థం. నాకది తర్వాత తెలిసింది.

ఆదివారం వచ్చింది. హాలు ముందు మా నాన్న స్నేహితుడు వాస్టల్ నన్ను పట్టుకున్నాడు. మనిషి పీపా అంత, గొంతు ట్రాం గంటంత. 'ఒరేయ్ క్విరినూ, ఇది పదకొండున్నరకి అయిపోద్దా? దాపరికం లేకుండా చెప్పు, కాకపోతే నేను చివర్న కూర్చుంటా' అన్నాడు. నేను కళ గురించి మొదలెట్టబోయా, వాడు ఆ ముక్క వినకుండానే పోయి చివర్న కూర్చున్నాడు. నేను వెనక గోడకి ఆనుకుని నిలబడ్డా. బుర్గి ఎక్కడుందంటావా? అది రాసుకో, అది పనికొచ్చే సంగతి. ఆవిడ ఏ సినిమా మొదటి ఆటకీ కూర్చునేది కాదు. తెర పక్కన బయటికెళ్లే తలుపుంటుందే, దానికి కట్టిన పరదా చాటున జనం వైపు మొహం పెట్టి నిలబడేది. తెర వంక చూసేదే కాదు. 'అందులో ఏముందో నాకు తెలుసు. వీళ్లలో ఏముందో తెలీదు' అనేది. ఆ రోజూ అక్కడే, చేతిలో అల్లికతో.

ఆట మొదలైంది. మొదటి రీలు నా రీలే. రెండోదాంట్లో లెక్క తప్పింది. లైను మీద ప్రతి స్టాపూ నాకు కంఠతా. చర్చి స్టాపు తర్వాత పెద్ద వంతెన రావాలి. రాలేదు. చర్చి దాటగానే సంత మలుపు. మలుపు సగంలో మాయం. పుట్టినప్పట్నుంచి తల దువ్వని పిల్లాడికి ఎవరో గుండు కొట్టించినట్టుంది నాకు. హాల్లో ఏమో వాస్టల్, 'అదిగో, ఆ మలుపులో ఎమ్మెరామ్ ఎప్పుడూ ముందే బ్రేకేస్తాడు, పిరికోడు' అంటున్నాడు, ఆడవాళ్లు నవ్వుతున్నారు, ఒకళ్లనొకళ్లు మోచేత్తో పొడుచుకుంటున్నారు. హాయిగా చూస్తున్నారు తల్లీ వాళ్లు. నేను ఆ నవ్వులు వినలేదు. పోయిన ముక్కలు లెక్కపెట్టుకుంటున్నా. చివరికి పట్టలేక వంగి వంగి పక్క దారిలో కిందికి పోయాను, బుర్గి దగ్గరికి.

ఇప్పుడు జాగ్రత్తగా విను. నా వెనక హాలు. నాకు కుడి పక్కన తెర. నా ఎదురుగా బుర్గి. 'వంతెనేదీ?' అన్నా గుసగుసగా. 'డబ్బాలో ఉందండీ.' 'సంత మలుపు?' 'అదీ డబ్బాలోనే, భద్రంగా ఉందండీ.' 'ఎవరిచ్చారు మీకీ హక్కు?' 'సాసేజీలు.' ఇక నాకు ఒళ్లు మండింది. మొదలెట్టా. కాలం అఖండం, కోత హింస, మీ తరం మొత్తం కత్తెరతో బతికింది, ఇంకా ఏమేమో. అదే టైములో నా కుడి పక్కన తెర మీద ఏం నడుస్తోందో తెలుసా? చివరి ముక్క. నేను పారేసిన ముక్క. లైను చివర ట్రాం ఆగింది, మా నాన్న రొట్టె తింటున్నాడు, కెమెరామన్ కెమెరా ఆపడం మర్చిపోయాడు, కెమెరా కాస్త ఒరిగిపోయింది. నేను మోకాళ్ల మీద కూర్చుని తీగలు చిక్కు తీసుకుంటున్నా, నా పిరుదులు కెమెరా వైపు. ఛీ, ఇదేం ముక్క అని చివరిదాకా చూడకుండానే చెత్తబుట్టలో వేశాను, ఆవిడ ఏరి దాచింది. మా నాన్న రొట్టె నమలడం ఆపి నన్ను చూస్తున్నాడు అందులో. ఊరికే చూస్తున్నాడు. అప్పుడే నడక నేర్చినవాణ్ణి చూసినట్టు. తర్వాత ఎన్నిసార్లు చూశానో ఆ ముక్కని. అప్పుడు మాత్రం చూళ్లేదు. హాల్లో మా నాన్న, తను నన్ను అలా చూడటాన్ని చూస్తున్నాడు, తనవాళ్లందరి మధ్యా కూర్చుని. బుర్గి నా భుజం మీదుగా ఆయన మొహం చూస్తోంది. అల్లిక ఆపేసింది. 'వెనక్కి తిరుగు' అంది. అన్నాళ్లూ మీరు, అండీ అన్న మనిషి. నన్ను పూర్తి చెయ్యనివ్వండి అన్నా. 'క్విరిన్. వెనక్కి తిరుగయ్యా' అంది. ముందు వంతెన సంగతి తేల్చండి అన్నా. లైట్లు వెలిగాయి. నేను తిరిగేసరికి మా నాన్న సీటు కింద టోపీ వెతుక్కుంటున్నాడు. వంగి ఉన్నాడు, వీపు తప్ప ఏమీ కనబడలేదు.

పన్నెండుకి ఇంకా బోలెడు టైముందనగా అందరూ సత్రంలో ఉన్నారు. మా నాన్న నా పక్కన కూర్చున్నాడు. అదే పదేళ్లలో మొదటిసారి, అదీ బెంచీలో ఇంకెక్కడా చోటు లేక అనుకో. గిన్నె నా వైపు తోసి, 'తిను, చల్లారిపోతాయి' అన్నాడు. రెండు సాసేజీలు తిన్నాక, 'బ్రేకు చప్పుడు బాగా వచ్చింది' అన్నాడు. నేను ఆ మాటకి పొంగిపోవాలో ఏడవాలో తెలీక బీరు తాగాను. ఆ చలికాలమే ఊపిరితిత్తుల జబ్బు చేసి కన్నుమూశాడు. ఇంకో మాట అనలేదు.

సినిమా ఏమైందంటావా? ఒక చిత్రోత్సవానికి వెళ్లింది. 'కోతలో ఇంత సాహసం ఈ తరంలో చూడలేదు, ముఖ్యంగా ఆ హఠాత్తు ముగింపు' అని రాశారు పేపర్లో. బహుమతిచ్చారు. నేను తీసుకున్నాను, తీసుకోనా మరి? స్టేజీ ఎక్కి కోత గురించి మాట్లాడాను కూడా. ఆ తర్వాత ఫిల్ము స్కూల్లో ఏళ్ల తరబడి పాఠాలు చెప్పాను, కోతే సత్యం అని. సిద్ధాంతం మారింది గానీ గొంతు మారలేదు. బుర్గి అప్పుడప్పుడూ వచ్చి వెనక బెంచీలో కూర్చునేది. 'సాసేజీల పాఠం ఎప్పుడండీ?' అని పిల్లలందరి ముందూ అడిగేది. నా సినిమాలన్నీ ఆవిడే కోసింది, తర్వాత టీవీలో హత్యల సీరియల్ పదేళ్లు. చివర్లో కంప్యూటర్లొచ్చాయి. గ్లవుసులు వేసుకునే మౌసు పట్టుకునేది, మురికవుతుందట. దుప్పి ముక్క ఆ కంప్యూటర్లో పట్టదని తెలిశాక మానేసింది.

నేను మాత్రం అడుగుతూనే ఉన్నా. ప్రతి క్రిస్మస్‌కీ ఇద్దరం వేడి వైను తాగేవాళ్లం, అప్పుడు అడిగేవాణ్ణి. ఆ రోజు ఆయన మొహంలో ఏం చూశావు బుర్గీ అని. అప్పటికి ఒకళ్లనొకళ్లం 'నువ్వు' అనుకునేదాకా వచ్చాంలే. హాల్లో మిగతావాళ్లందరూ తెర చూస్తున్నారు కదా, ఆయన్ని చూసింది ఆవిడొక్కతే. 'చెప్పను. చెబితే సినిమా తీస్తావు' అనేది. నిజమే, తీసేవాణ్ణి. ఎవరో నటుణ్ణి పెట్టి, పక్క నుంచి లైటేసి, ఖర్మ. ఒక ఏడు బతిమాలాను, ఒక ఏడు అలిగాను. నవ్వేది. 'నువ్వు సినిమాలు మానేశాక చెబుతాలే' అంది చివరికి. నేను మానలేదు. ఎవరూ చూడకపోయినా తీస్తూనే ఉన్నా, నాకు నచ్చేది కదా. ఆఖరికి మానేశా. అప్పటికి ఆవిడ వృద్ధాశ్రమంలో ఉంది, సరస్సు దగ్గర. వెళ్లాను. మంచం పక్కన కూర్చుని చెయ్యి పట్టుకున్నా. కెమెరా అమ్మేశాను బుర్గీ, ఒట్టు, ఇక తియ్యను, ఇప్పుడైనా చెప్పు అన్నా. గీసింగ్ హాలు, ఆదివారం పొద్దున, పరదా చాటున నువ్వు, నీ ఎదురుగా నేను, నా వెనక మా నాన్న అని అంతా వరసగా గుర్తు చేశాను. చాలా శ్రద్ధగా వింది. నా చెయ్యి నిమిరింది. బాగా ఆలోచించి, ఎంతో మర్యాదగా, 'ఎవరి నాన్నగారండీ?' అంది.

...

గాలి మొదలైంది. నీ బస్సు ఎన్నింటికన్నావు?